ఏళ్ల ఖరీదు

జూన్ 6, 2025, శుక్రవారం. సూర్యాపేట

రిజర్వు బ్యాంకు ఇవాళ రెపో రేటును అర శాతం తగ్గించింది. 6 నుంచి 5.50కి. ఫిబ్రవరిలో పావు, ఏప్రిల్‌లో పావు, ఇప్పుడు అర. ఈ ఏడాదిలోనే ఒక శాతం దిగింది. టీవీలో వార్త ఇంకా పూర్తి కాలేదు, మిర్యాలగూడ నుంచి తమ్ముడి ఫోన్.

"అక్కా, ఇగ నా ఈఎంఐ ఎంత తగ్గుతది?"

తగ్గకపోవచ్చు అన్నాను. వాడికి కోపమొచ్చింది. 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు ఇచ్చిన ఫ్లోటింగ్ రేటు ఇంటి అప్పులు బయటి కొలమానానికి, చాలావరకు రెపోకే, ముడిపడ్డాయి. రెపో దిగితే మూడు నెలల్లోపు వాడి రేటూ దిగాల్సిందే. కానీ మామూలుగా బ్యాంకు కిస్తును కదపదు, నెలలను తగ్గిస్తుంది. వచ్చే నెల కూడా ఖాతాలోంచి అంతే డబ్బు పోతుంది, ఎక్కడో చివర కొన్ని నెలలు రాలిపోతాయి.

"చివర రాలితే నాకేం కనపడ్తది?" అన్నాడు.

రేటు పెరిగినప్పుడూ ఇంతే, అప్పుడూ కనపడలేదు కదా అందామనుకున్నాను. ఫోన్లో చెప్పే మాట కాదది. స్టేట్‌మెంటు తీసి పెట్టు, ఆదివారం వస్తా అన్నాను.

జూన్ 8, ఆదివారం. మిర్యాలగూడ

తమ్ముడు రైస్ మిల్లులో గుమాస్తా. తౌడు, నూక, బస్తా తరుగు దగ్గర పైసా తేడా వచ్చినా పట్టేస్తాడు. లారీ కాటాలో పది కిలోలు తగ్గితే డ్రైవర్‌ను నిలబెట్టి అడుగుతాడు. అలాంటివాడు తన ఇంటి అప్పు స్టేట్‌మెంటును నాలుగేళ్లలో ఒక్కసారీ విప్పి చూడలేదు.

2021లో తీసుకున్నాడు. 25 లక్షలు, 7 శాతం, 20 ఏళ్లు, కిస్తు 19,382. అప్పట్లో రెపో 4 శాతం. ఇంటి అప్పులు అంత చవకగా దొరికిన రోజులు అరుదు. 2022 మేలో రేట్లు ఎక్కడం మొదలైంది. 2023 ఫిబ్రవరికి రెపో 6.50. వాడి 7 శాతం కాస్తా 9.50 అయింది. కిస్తు మాత్రం కదల్లేదు. అందుకే వాడూ కదల్లేదు.

ఇద్దరం కూర్చుని ఆ నెలల లెక్క చూశాం. బాకీ అప్పటికి 24 లక్షల చిల్లర. 24 లక్షల మీదే 9.50 శాతం చొప్పున నెల మిత్తి 19,000. కట్టేది 19,382. అంటే అసలు మీద తెగేది 382 రూపాయలు. ఆ చిల్లరను కూడా కలిపితే అంత కూడా ఉండదు. అదే రేటు, అదే కిస్తు నిలిచిపోతే ఎన్నాళ్లకు తీరుతుందో వేశాను. చిల్లర వదిలేసినా నలభై ఒక్క ఏళ్లు దాటింది. వాడి వయసు ఇప్పుడు ముప్ఫై తొమ్మిది.

"గింత కట్టినా అసలు గట్లనే ఉందా?" అని మరదలు అడిగింది. వాడు మాట్లాడలేదు.

ఇది వాడొక్కడి కథ కాదు. ఆ రెండేళ్లలో దేశమంతటా ఇదే జరిగింది. అందుకే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న ఒక ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు కిస్తు పెంచుకోవాలా, కాలం పెంచుకోవాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది అప్పు తీసుకున్నవాడే ఎంచుకోవాలి. కాలం సాగదీసినా కిస్తు ఆ నెల మిత్తికి సరిపోవాలి. అసలు తగ్గాల్సింది పోయి పెరగకూడదు. పాత అప్పులకు కూడా ఆ ఏడాది చివరికల్లా ఇది అమలు కావాలి. తమ్ముడికీ బ్యాంకు నుంచి మెసేజ్ వచ్చిందట. ఇంగ్లిషులో ఉందని వదిలేశాడు.

ఇప్పుడు రేటు దిగింది కాబట్టి కిస్తు తగ్గించమని మాత్రం అడగొద్దన్నాను. పైగా రెండు వేలు పెంచమని రాసివ్వమన్నాను. మరదలు నా ముఖం చూసి, "వదినా, తగ్గినప్పుడు పెంచుమంటవేంది?" అంది. తగ్గినప్పుడు పెంచితే ఆ రెండు వేలూ నేరుగా అసలు మీద పడతాయి. మిత్తి తన వాటా ఎప్పుడో తీసేసుకుంటుంది, పైన వేసిందంతా అసలుకే.

 

జూన్ 14, శనివారం. కోదాడ

బడి తెరిచాక మొదటి వారం. స్టాఫ్ రూములో కొత్తగా వచ్చిన సైన్స్ సారు కోదాడలోనే ఇల్లు కొనబోతున్నాడు. 25 లక్షలు అప్పు కావాలి. 8 శాతానికి ఇస్తామన్నారట. "మేడం, మీరు లెక్కల టీచర్ కదా, ఏ కిస్తు పెట్టుకోను?" అన్నాడు. బోర్డు మీద మూడు వరసలు రాశాను.

15 ఏళ్లకు: నెలకు 23,891, మొత్తం 43 లక్షలు.
20 ఏళ్లకు: నెలకు 20,911, మొత్తం 50 లక్షల 19 వేలు.
30 ఏళ్లకు: నెలకు 18,344, మొత్తం 66 లక్షల 4 వేలు.

సారు కిందినుంచి పైకి చదివాడు. 20 ఏళ్లను 30 చేస్తే నెలకు మిగిలేది 2,567 రూపాయలు, చివరికి అదనంగా కట్టేది 15 లక్షల 85 వేలు. అదే 20ని 15 చేస్తే నెలకు 2,980 ఎక్కువ, చివరికి ఏడు లక్షల పైన మిగులు. మూడు వరసల్లోనూ మిత్తి రేటు ఒక్కటే. మారింది ఏళ్లు.

మొదటి నెల సంగతీ చెప్పాను. 20 ఏళ్ల అప్పులో మొదటి 20,911లో 16,667 మిత్తికి, 4,244 అసలుకు. అయిదేళ్లు ఒక్క నెల తప్పకుండా కడితే 12 లక్షల 54 వేలు పోతాయి, బాకీ ఇంకా 21 లక్షల 88 వేలు ఉంటుంది. అసలు సగానికి రావాలంటే పదమూడున్నర ఏళ్లు దాటాలి. ఇందులో మోసమేమీ లేదు. ఏ నెల బాకీ మీద ఆ నెల మిత్తి తీసుకుంటారు. మొదట్లో బాకీ పెద్దది కాబట్టి మిత్తీ పెద్దదే.

సారు తెలివైనవాడు. "మేడం, ఇరవయ్యో ఏట నేను కట్టే 20,911కి ఇవాళ్టి విలువ ఉంటదా? ధరలు ఏటా ఆరు శాతం పెరిగితే అది ఇవాళ్టి ఆరున్నర వేలతో సమానం. మొత్తం 50 లక్షలు అని కూడితే తప్పు కదా?" అన్నాడు.

తప్పు కాదు, సగం లెక్క. ఆ మాట నాకూ నచ్చింది. రేపటి రూపాయి ఇవాళ్టి రూపాయి కాదు. అద్దె మిగులుతుంది, ఇంటి ధర పెరగవచ్చు. కానీ ధరలతో పాటు మన జీతమూ పెరుగుతుంది కదా. పీఆర్సీ వచ్చినా, ఇంక్రిమెంటు వచ్చినా కిస్తు మాత్రం చేరిన రోజు ఎంతో అంతే పెట్టుకుంటే, పెరిగిన జీతం వేరే చోటికి పోతుంది. ఏడాదికి ఒక్క కిస్తు అదనంగా వేసినా ఈ 20 ఏళ్ల అప్పు దాదాపు పదహారేళ్ల పది నెలలకే తీరుతుంది. మిగులు నాలుగున్నర లక్షలు. పీపీఎఫ్ ఇచ్చేది 7.1 శాతం. 8 శాతం అప్పులో వేసిన రూపాయి 8 శాతం మిగులుస్తుంది, దాని మీద పన్ను కూడా ఉండదు. కొత్త పన్ను విధానంలో ఉన్నవాళ్లకు సొంతంగా ఉంటున్న ఇంటి మిత్తి మీద మినహాయింపు లేదు కాబట్టి, "పన్ను కోసం అప్పు ఉంచుకోవాలి" అనే పాత మాటకు వాళ్ల దగ్గర చోటు లేదు.

అయితే చేతిలో ఆరు నెలల ఖర్చు పెట్టుకోకుండా ఉన్నదంతా అప్పులో పోయొద్దని కూడా చెప్పాను. అప్పు కింద వేసిన డబ్బును జబ్బు చేసినప్పుడు వెనక్కి అడగలేం.

జూన్ 22, ఆదివారం. సూర్యాపేట

పక్కింటి వదిన వచ్చింది. కిరాణా కొట్టు కోసం మూడేళ్ల కింద 5 లక్షలు తెచ్చారు, రెండు రూపాయల మిత్తికి. నెలకు పది వేలు చొప్పున ఇప్పటికి మూడు లక్షల అరవై వేలు కట్టారు. అసలు అట్లనే ఉంది.

అసలు భయపెట్టింది వేరే. ఇంటిని తాకట్టు రాయలేదు, సేల్ డీడే చేసిచ్చారు. పైసలు కట్టినాక తిరిగి రాసిస్తానన్నది అప్పిచ్చినవాడి నోటిమాట. తాకట్టు అయితే 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 60వ సెక్షన్ కింద బాకీ కట్టి విడిపించుకునే హక్కు ఉంటుంది. అదే చట్టం 58వ సెక్షన్‌లో షరతుతో అమ్మకం కూడా తాకట్టు కిందికే వస్తుంది, కానీ ఆ షరతు అదే దస్తావేజులో రాసి ఉండాలి. వీళ్ల దాంట్లో లేదు. ముందు వకీలు దగ్గరికి పొమ్మన్నాను. అప్పు ఖరీదులో మిత్తి ఒక్కటే కాదు, ఏ కాగితం మీద సంతకం పెట్టామన్నది కూడా ఉంది.

ఇప్పుడు ఒక ఫైనాన్స్ వాళ్లు 10 శాతానికి ఇస్తామన్నారట, అయిదేళ్లు, నెలకు 12,500. "బ్యాంకు లెక్కనే ఉంది గద" అంది. అది ఫ్లాట్ రేటు. మొదటి రోజు 5 లక్షల మీద వేసిన మిత్తినే చివరి నెల దాకా వసూలు చేస్తారు, అసలు తగ్గుతున్నా సరే. బ్యాంకు పద్ధతిలో లెక్కిస్తే అది 17 శాతం పైనే. రెండు రూపాయల కంటే మేలే, కానీ 10 మాత్రం కాదు.

అత్తమ్మ మంచం మీద నుంచి అంతా వింటోంది. "మా నాయిన కాలంల నాగు ఉండె బిడ్డా. పుట్టి వడ్లు తెస్తే పంటకు పుట్టిన్నర కొలవాలె" అంది. తెలంగాణ పోరాటంలో సంఘం లేచినప్పుడు ఈ తాలూకా ఊళ్లలో అప్పుపత్రాలు తగలబెట్టారని చిన్నప్పుడు విన్నదే మళ్లీ చెప్పింది. ఆ తర్వాత ఆమె అన్న మాట రాసిపెట్టుకోవాలి: "నాగు తెచ్చినోడు నిద్రపోకపోతుండె. బ్యాంకుల తెచ్చినోళ్లకు నిద్ర మంచిగ పడ్తది."

రాత్రి లెక్క చూశాను. రెండు రూపాయల మిత్తి యాభై నెలల్లో అసలంత అవుతుంది. సారు అప్పులో 8 శాతం మిత్తి కూడా అసలంతే అవుతుంది, కాకపోతే 240 నెలల్లో. ఆ ఇరవై ఏళ్లూ డబ్బు వాడుకున్నాం కాబట్టి రెండూ ఒకటి కావు. కానీ మా దిక్కు జనం రెండు రూపాయల మిత్తిని చూసి భయపడి, పంట రాగానే, చిట్టీ లేవగానే ముందు దాన్నే తెంపుతారు. బ్యాంకు అప్పును దాంతో పోల్చి చవక అనుకుని, ఇరవై ఏళ్లూ పూర్తిగా కూర్చుంటారు. చవక రేటును ఖరీదుగా మార్చేది ఆ నింపాదే.

జూన్ 28, శనివారం. కోదాడ

సారు బ్యాంకు ఇచ్చిన కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ తెచ్చాడు. నిరుడు అక్టోబర్ 1 నుంచి కొత్తగా ఇచ్చే ఇలాంటి అప్పులన్నిటికీ ఈ కాగితం తప్పనిసరి. ఇందులో రేటు పక్కనే ఏపీఆర్ ఉంటుంది, అంటే ప్రాసెసింగ్ ఫీజు లాంటి ఖర్చులన్నీ కలుపుకున్న ఏడాది రేటు. రెండు బ్యాంకులను పోల్చాలంటే ఆ అంకెనే పోల్చాలి.

ఒక వరస దగ్గర ఆగాను. లక్ష రూపాయల బీమా ప్రీమియం, అప్పులోనే కలిపారు. లక్షను 8 శాతానికి 20 ఏళ్లు కడితే రెండు లక్షల చిల్లర. బీమా కావాల్సిందే, ఇద్దరు చిన్నపిల్లలున్నవాడు. కానీ విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కట్టుకుంటే ఎంతవుతుందో అడిగి రమ్మన్నాను. మిత్తి చెక్కు చేతికి వచ్చిన రోజు నుంచే పడాలని కూడా గుర్తుచేశాను. మంజూరైన తేదీ నుంచి వేయడం తప్పని రిజర్వు బ్యాంకు 2024 ఏప్రిల్‌లోనే చెప్పింది.

జూలై 3, గురువారం. సూర్యాపేట

నిన్న రిజర్వు బ్యాంకు ముందస్తు చెల్లింపుల మీద కొత్త ఆదేశాలు ఇచ్చింది. వ్యక్తుల ఫ్లోటింగ్ రేటు ఇంటి అప్పులకు బ్యాంకుల్లో ముందే కడితే వేసే జరిమానా 2012లోనే పోయింది. ఇప్పుడు 2026 జనవరి 1 నుంచి మంజూరయ్యేవాటిలో, వ్యక్తులు, సూక్ష్మ, చిన్న సంస్థలు వ్యాపారం కోసం వాణిజ్య బ్యాంకుల్లో తెచ్చే ఫ్లోటింగ్ రేటు అప్పులకూ ఉండదు. వదిన వాళ్ల కొట్టుకు పనికొచ్చే మాట. ఫైనాన్స్ కాగితం మీద సంతకం పెట్టకుండా బ్యాంకులో అడిగి చూడమని చెప్పి వచ్చాను. వకీలు దగ్గరికి రేపు పోతారట.

తమ్ముడు ఫోన్ చేశాడు. కిస్తు రెండు వేలు పెంచమని రాసిచ్చాడు. కౌంటర్లో అమ్మాయి, "తగ్గించమని వస్తరు గానీ పెంచుమని ఎవ్వరు రారు సార్" అందట. అప్పు తీరిన 30 రోజుల్లో ఇంటి కాగితాలు తిరిగివ్వాలని, బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున వాళ్లే ఇవ్వాలని చెబితే నవ్వాడు. "అప్పటిదాక ఉంటనా అక్కా" అన్నాడు. ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్‌లో తనఖా కొట్టేయించుకునే దాకా ఉండాలన్నాను.

జూలై 5, శనివారం. కోదాడ

సారు ఇంకో కబురు తెచ్చాడు. రేట్లు తగ్గాయి కదా, అదే 20,911 కిస్తుకు 28 లక్షల 50 వేలు ఇస్తామన్నారట. ఏళ్లు మాత్రం 30. "మూడున్నర లక్షలొస్తే పై అంతస్తుకు పిల్లర్లు లేపుకోవచ్చు మేడం."

నేనేమీ అనలేదు. చాక్‌పీస్ చేతికిచ్చాను. 20,911ని 360తో ఆయనే గుణించాడు: 75,27,960. దాంట్లోంచి 50,18,640 తీసేశాడు. మూడున్నర లక్షల పిల్లర్లకు 25 లక్షలు.

సోమవారం పోయి 15 ఏళ్ల కిస్తు తన జీతానికి సరిపోతుందో లేదో అడిగి వస్తానన్నాడు. సరిపోకపోతే 20కి సంతకం పెట్టి, ప్రతి ఇంక్రిమెంటుకూ కిస్తు పెంచుతానని తనే అన్నాడు. పై అంతస్తు సంగతి అప్పు సగానికి వచ్చాక చూస్తాడట.