పేరుకు పుట్టిల్లు

బారసాలనాడు పళ్ళెంలో పోసిన బియ్యంపై తండ్రి ఉంగరంతో రాసే పేరుకు అర్థమేమిటో ముందే తెలుసుకోవాలన్న కోరిక మెచ్చదగినది. అయితే ఆ అర్థాన్ని అందించే పేర్ల పుస్తకాలలో ఒకదానినుంచి మరొకటి ఎత్తిరాసుకున్నవి పెక్కు కావడంతో, ఒకచోట దొర్లిన తప్పు పదిచోట్ల అచ్చై, చివరకు ప్రమాణంగా చెలామణి అవుతున్నది. ‘రియాంశ్’ అనే పేరును సంస్కృతమని చెప్పి, సూర్యుని తొలికిరణమనో విష్ణువు అంశమనో అర్థం రాస్తారు. ‘అంశ’ అంటే భాగమన్నది నిజమే గాని, ‘రియా’ అనే మాట సంస్కృత నిఘంటువులలో కానరాదు గనుక ఆ అర్థాలకు ఆధారం లేదు. చెవికింపుగా ఉన్నదని ఆ పేరు పెట్టుకోవడంలో తప్పేమీ లేదు. లేని అర్థాన్ని బిడ్డకు నూరిపోయడం తప్పు.

మాటతోపాటు దాని లింగమూ చూడాలి. అమరసింహుడు తన కోశానికి ‘నామలింగానుశాసనం’ అని పేరుపెట్టడంలోనే ఆ సూచన ఉన్నది. ‘తేజస్’ అనే పదానికి, కలిగి ఉండటాన్ని తెలిపే ‘విన్’ ప్రత్యయం చేరగా ఏర్పడిన ‘తేజస్వి’ పుంలింగం, ‘తేజస్విని’ స్త్రీలింగం. వాడుక మొదటిదాన్ని ఆడపిల్లలకూ ఇచ్చింది, దాన్ని కాదనవలసిన పనిలేదు. పుస్తకం మాత్రం ఆ సంగతి చెప్పితీరాలి.

మూలం దగ్గర రూపం మరింత మోసగిస్తుంది. రాయలసీమలో హిందువులలోనూ ముస్లిములలోనూ వినిపించే ‘దస్తగిరి’లో కొండ లేదు. పారసీకంలో ‘దస్త్’ అంటే చేయి, ‘గీర్’ అంటే పట్టుకునేవాడు. చేయూతనిచ్చేవాడనే ఈ మాట, 1166లో బాగ్దాదులో కన్నుమూసిన సూఫీ గురువు అబ్దుల్ ఖాదిర్ జీలానీకి బిరుదు.

నిఘంటువు సైతం తేల్చలేని పేర్లున్నాయి. పుట్టిన బిడ్డలు దక్కని ఇంట మళ్ళీ కలిగిన శిశువును పెంటకుప్పపై ఉంచి తీసుకుని ‘పెంటయ్య’ అనీ, ఎంగిలి విస్తరిలో పొర్లించి ‘పుల్లయ్య’ అనీ పిలిచేవారు. మృత్యువు కంటికి ఆ బిడ్డ విలువలేనిదిగా కనిపించి, విడిచిపోతుందన్నది కన్నవారి ఆశ. ‘పెంట’కు చెత్త అని అర్థం రాసి ఊరుకున్నవారు మాటను సరిగానే చెప్పినా, ఆ పేరు మోస్తున్న ప్రేమను పూర్తిగా పోగొట్టినవారవుతారు.

కనుక పేరు వెదికేవారు 1885లో వెలువడిన బహుజనపల్లి సీతారామాచార్యుల ‘శబ్దరత్నాకరం’ వంటి నిఘంటువును ఒకసారి తెరవాలి. తాతముత్తాతలకు ఆ పేర్లు ఎందుకు పెట్టారో ఇంటి పెద్దలు ఉండగానే అడిగి రాసిపెట్టుకోవాలి.