ఎంక్వైరీ లేని డిస్మిసల్: మనకెందుకు పట్టాలి?

2024 అక్టోబర్ చివర్లో తెలంగాణ స్పెషల్ పోలీస్ కానిస్టేబుళ్ల భార్యలు రోడ్డెక్కారు. భర్తలు డ్యూటీల పేరుతో ఇంటికి దూరంగా తిరుగుతున్నారని, 'ఏక్ పోలీస్' విధానం కావాలని అడిగారు. తర్వాత బెటాలియన్ల సిబ్బందే నిరసనకు దిగారు. 39 మందిని సస్పెండ్ చేశారు. ఆ వెంటనే 10 మందిని ఎంక్వైరీ లేకుండా డిస్మిస్ చేశారు. వాడిన ఆయుధం, రాజ్యాంగం 311(2)లోని రెండో ప్రొవిజో, (బి).

దీని మీద రాస్తానంటే తార్నాక టీ బండి దగ్గర ఒక తమ్ముడు అడ్డుకున్నాడు. "అక్కా, క్యాంపస్‌ల మనల్ని కొట్టినోళ్ల కోసం మనం రాసుడేంది?"

అడగాల్సిన ప్రశ్నే. ఓయూలో చదివినవాళ్లకు ఖాకీ అంటే ముందు లాఠీయే గుర్తొస్తుంది. కానీ మాణికేశ్వర్ నగర్ రూముల్లో కానిస్టేబుల్ పరీక్షకు చదువుతున్నదెవరు? తెల్లారకముందే గ్రౌండ్‌లో పరుగెత్తి, పగలంతా లైబ్రరీలో కూర్చునేదెవరు? మన పిల్లలే. మాల, మాదిగ వాడల్లో ఎన్నో ఇళ్లకు మొదటి సర్కారు జీతం ఆ ఖాకీ బట్టలతోనే వస్తుంది. డిస్మిస్ అయితే ఆ జీతంతో పాటు, మామూలుగా, మళ్లీ సర్కారు ఉద్యోగంలో చేరే అర్హత కూడా పోతుంది.

పోలీసులు సంఘం పెట్టుకోవడం మీద, పత్రికలతో మాట్లాడటం మీద 1966 చట్టం ఆంక్షలు పెట్టింది. అలాంటి ఉద్యోగికి మిగిలిన రక్షణ 311. అభియోగం ఏమిటో చెప్పాలి, సంజాయిషీ వినాలి, తర్వాతే శిక్ష. ఎంక్వైరీ జరపడం సహేతుకంగా వీలుపడదని అధికారి అనుకుంటే, కారణం రాతపూర్వకంగా నమోదు చేసి దాన్ని పక్కన పెట్టొచ్చు. అదే (బి).

నేను తెలుగు పాఠం చెప్పుకునే మనిషిని. 'వీలుపడదు' వేరు, 'మాకు అక్కర్లేదు' వేరు. తులసీరామ్ పటేల్ కేసులో 1985లో సుప్రీంకోర్టు ఈ ప్రొవిజోను సమర్థించింది. అయితే తప్పించుకోవడానికో, శాఖ దగ్గర సాక్ష్యం బలహీనంగా ఉందనో ఎంక్వైరీ మానకూడదని కూడా అదే తీర్పులో చెప్పింది. 1990లో పంజాబ్ హెడ్ కానిస్టేబుల్ జస్వంత్ సింగ్ కేసులో, అధికారి అభిప్రాయం ఒక్కటే చాలదు, దాని వెనక ఆధారం ఉండాలంటూ డిస్మిసల్‌ను కొట్టేసింది.

"తర్వాత కోర్టు చూసుకుంటది కదా" అంటారు కొందరు. చూడదు. ఆంధ్రప్రదేశ్ ఎస్సై శ్రీరామారావు డిస్మిసల్‌ను హైకోర్టు కొట్టేస్తే, 1963లో సుప్రీంకోర్టు దాన్ని తిరగదోడింది. శాఖాపరమైన నిర్ణయాల మీద హైకోర్టు అప్పీలు కోర్టు కాదని, ఎంతోకొంత సాక్ష్యం ఉంటే దాన్ని మళ్లీ తూచదని తేల్చింది. అంటే నిజానిజాలు తేలే చోటు ఎంక్వైరీయే. అదే ఎత్తేస్తే ఆ మనిషి మాట వినే చోటు ఎక్కడుంది?

తార్నాక నుంచి బస్సెక్కితే వచ్చే ఈసీఐఎల్ కూడా ఈ చరిత్రలో ఉంది. అక్కడి ఉద్యోగి కరుణాకర్ కేసులో, శిక్ష నిర్ణయించకముందే ఎంక్వైరీ రిపోర్టు కాపీ ఉద్యోగికి ఇవ్వాలని 1993లో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఇన్నేళ్లు కొట్లాడి ఒక్కో మెట్టు సాధించుకున్నారు. (బి) అన్ని మెట్లనూ ఒక్క కాగితంతో దాటేస్తుంది.

పోలీసుల దాకే ఆగదు ఇది. 2021 నుంచి జమ్మూ కశ్మీర్‌లో పక్కనే ఉన్న (సి) కింద, రాజ్య భద్రత పేరుతో, టీచర్లనూ పోలీసులనూ ఎంక్వైరీ లేకుండానే తీసేశారు.

లాఠీ ఎత్తిన పోలీసు మీద కేసు పెట్టాలని రేపు కూడా అడుగుదాం. ఆ కేసులో కూడా ఆ పోలీసు మాట విన్నాకే శిక్ష వేయాలంటాం. వినకుండా శిక్షించడం ఎలా ఉంటుందో ఊరి బయట బతికిన మనకు ఎవరూ చెప్పక్కర్లేదు.

కాబట్టి తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, మీ ఇంట్లో ఎవరికైనా అలాంటి ఆర్డర్ వస్తే ముందు ఒకటి వెతకండి: ఎంక్వైరీ ఎందుకు వీలుపడదో అందులో కారణం రాశారా? ఆ కారణానికి ఆధారం చూపించారా? గడువు దాటకుండా అప్పీలు వేయండి. తెలంగాణలో ట్రిబ్యునల్ 2016లోనే పోయింది, కాబట్టి తర్వాత వెళ్లాల్సింది హైకోర్టుకే.

జై భీమ్.