జీతానికి బదులు గాజు గిన్నెలు

సోవియట్ పుస్తకాలు చదువుకుని పెరిగిన తరం మాది. విశాలాంధ్ర వాళ్ళ వ్యాన్ ఊళ్ళోకొస్తే చిల్లర డబ్బులతో బొమ్మల పుస్తకాలు కొనుక్కునేవాళ్ళం. ఆ బొమ్మల్లో ఆడవాళ్ళు ట్రాక్టర్లు నడిపేవాళ్ళు. వాళ్ళింట్లో వంటెవరు చేసేవాళ్ళో చదివిన గుర్తు లేదు.

మాస్కోలో చదువుకునేటప్పుడు, 1998 జనవరి సెలవులకి ఒక స్నేహితురాలితో వాళ్ళ ఊరు గూస్ ఖ్రుస్తాల్నీ వెళ్ళాను. మాస్కోకి తూర్పున, వ్లదీమిర్ ప్రాంతంలో చిన్న పట్టణం. 1756లో పెట్టిన గాజు కార్ఖానా చుట్టూ పెరిగిన ఊరు.

అప్పటికి ఆ దేశంలో నెలల తరబడి జీతాలు అందకపోవడం మామూలైపోయింది. చాలాచోట్ల తయారుచేసిన సరుకునే జీతంగా చేతిలో పెట్టేవాళ్ళు. ఈ ఊళ్ళో సరుకంటే గాజే. నా స్నేహితురాలి తల్లి గాజు మీద నగిషీలు చెక్కేది. జీతం కింద వచ్చిన గిన్నెలూ, పూలజాడీలూ రోడ్డు పక్కన మంచులో నిలబడి కార్లలో పోయేవాళ్ళకి అమ్మేది. ఊరంతా అదే అమ్ముతుంటే ధరేం పలుకుతుంది? ఆ నెలలోనే ప్రభుత్వం రూబుల్ మీద మూడు సున్నాలు కొట్టేసింది. ఆమెకి రావలసిన జీతం మాత్రం రాలేదు.

ఇంటికొచ్చి వంటకి దిగేది. బంగాళాదుంపలు, జాడీల్లో ఊరేసిన క్యాబేజీ - చలికాలమంతా అదే తిండి. వేసవిలో వాటిని నాటిందీ, తవ్విందీ, ఊరేసిందీ ఆమే. పని పోయి తాగుడికి పడ్డ భర్తని కనిపెట్టుకుని ఉండడమూ ఆమె పనే. 1994లో రష్యా మగవాళ్ళ సగటు ఆయుర్దాయం 58 ఏళ్ళ లోపుకి పడిపోయింది. ఆ అంకె వెనక ఎందరు భార్యలున్నారో!

"పిన్నీ, అప్పుడే నయమా?" అని అడిగాను.

"జీతం వచ్చేది. పిల్లకి బాలవాడి ఉండేది. సరుకుల కోసం క్యూలో నిలబడింది నేనే. ఇప్పుడు రోడ్డు మీద నిలబడుతున్నదీ నేనే" అంది.

1987లో గోర్బచేవ్ 'పెరిస్త్రోయికా' పుస్తకంలో, స్త్రీలు తిరిగి తమ స్త్రీ ధర్మానికి మళ్ళడం గురించి రాశాడు. ఈమె ఇంటిపని ఎప్పుడు వదిలిందని మళ్ళీ మళ్ళడానికి?

మన సభల్లో ఆ వ్యవస్థ మంచిదా చెడ్డదా అని ఇప్పటికీ వాదించుకుంటాం. జీతం, బాలవాడి పోవడం చిన్న నష్టం కాదు. కానీ రెండు కాలాల్లోనూ ఆమె ఒంటిచేత్తో చేసిన చాకిరీని ఏ పద్దులో రాద్దాం?