చీజ్‌కి పేరిచ్చిన ఊరు

చెడ్డర్ అనగానే మనకి సూపర్ మార్కెట్ ఫ్రిజ్‌లో ఉండే పసుప్పచ్చటి ముక్క గుర్తొస్తుంది. నిజానికి అదొక ఊరి పేరు. ఇంగ్లండ్‌లో మేముండే బ్రిస్టల్‌ నుంచి సుమారు 30 కిలోమీటర్లు, సోమర్‌సెట్ కౌంటీలో మెండిప్ కొండల అంచున ఉంటుంది.

ఊరిని ఆనుకునే చెడ్డర్ గార్జ్. సున్నపురాయి కొండని నీళ్లు కోసుకుంటూ పోగా ఏర్పడిన లోయ. రెండు పక్కలా నిట్టనిలువు రాతి గోడలు, మధ్యలో మెలికలు తిరిగే రోడ్డు. జాకబ్స్ ల్యాడర్ అనే 274 మెట్లు ఎక్కితే కొండమీదికి చేరొచ్చు. ఆయాసం వస్తుంది కానీ ఎక్కాల్సిందే! కింద గాఫ్స్ కేవ్ గుహ. దాదాపు పదివేల ఏళ్ల నాటి ‘చెడ్డర్ మ్యాన్’ అస్థిపంజరం 1903లో దొరికింది ఇక్కడే. ఆ గుహలోనే ఇప్పటికీ చీజ్ మగ్గపెడుతున్నారు. ఏడాది పొడవునా ఒకేలా ఉండే చల్లదనం, తేమ దానికి బాగా సరిపోతాయి.

పాలు గడ్డకట్టాక ఆ గడ్డని పలకలుగా కోసి, ఒకదానిమీద ఒకటి పేర్చి, తిరగేస్తూ నీళ్లన్నీ పోనిస్తారు. ఈ పనికి ‘చెడ్డరింగ్’ అనే పేరు. పందొమ్మిదో శతాబ్దంలో సోమర్‌సెట్‌కే చెందిన జోసెఫ్ హార్డింగ్ ఈ తయారీని ఒక పద్ధతిలో పెట్టి, అందరికీ నేర్పాడు. అలా ప్రపంచమంతా పాకింది.

తిరుపతి లడ్డూకి 2009లో జీఐ గుర్తింపు వచ్చింది కాబట్టి ఆ పేరు ఇంకెవరూ వాడుకోకూడదు. చెడ్డర్‌కి ఆ అదృష్టం లేదు. ఏ దేశంలో చేసినా చెడ్డరే. ‘వెస్ట్ కంట్రీ ఫార్మ్‌హౌస్ చెడ్డర్’ అన్న పొడుగాటి పేరుకి మాత్రం రక్షణ ఉంది. అసలు ఊళ్లో చీజ్ చేసేది ఇప్పుడు ఒక్క కంపెనీయే. అందుకే అక్కడికెళ్తే ఫొటోలతో సరిపెట్టకుండా ఒక ముక్క కొనుక్కోవాలనిపిస్తుంది.

సోమర్‌సెట్ యాపిల్ తోటలకీ పేరున్న చోటే. ఇక సెల్ఫ్ రైజింగ్ పిండికి 1845లో పేటెంట్ తీసుకున్న హెన్రీ జోన్స్ మా బ్రిస్టల్ బేకరే! మూడూ కలిస్తే స్కోన్లు.

225 గ్రాముల సెల్ఫ్ రైజింగ్ పిండిలో చిటికెడు ఉప్పు, 50 గ్రాముల చల్లటి బటర్ వేసి రవ్వలా అయ్యేదాకా వేళ్లతో నలపండి. తురిమిన చెడ్డర్ 100 గ్రాములు, పుల్లటి యాపిల్ ఒకటి సన్నగా తరిగి కలపండి. యాపిల్‌లో నీరుంటుంది కాబట్టి పాలు కొంచెం కొంచెంగా పోయాలి, 100 మిల్లీలీటర్లు దాటక్కర్లేదు. చపాతీ పిండిలా మర్దించొద్దు, గట్టిపడిపోతాయి. అంగుళం మందాన అదిమి, గ్లాసుతో గుండ్రంగా కోసి, 220 డిగ్రీల ఓవెన్‌లో పావుగంట ఉంచితే చాలు.

అంచుల్లో చీజ్ కరిగి కరకరలాడుతుంది, లోపల యాపిల్ పుల్లపుల్లగా తగులుతుంది. వేడిమీదే బటర్ రాసుకుని తినండి. మర్నాటికి ఆ రుచి ఉండదు.