ముసురు రోజుల కబుర్లు

ఆషాఢం డిస్కౌంట్ల సందడి సద్దుమణిగింది, గోరింటాకు ఎరుపు గోళ్ల చివరికి జరిగింది. శ్రావణం వచ్చేస్తోంది, బీరువాలు తెరుచుకుంటున్నాయి. వ్రతానికి చీరలు దించుతుంటే మడతల్లోంచి వెండిరంగు పురుగేదో సర్రున జారిపోయిందా? ఈ ముసురుకి ఇంటింటా అదే కబురు లెండి.

అదేనండీ, సిల్వర్ ఫిష్. రెక్కలుండవు, తోకవైపు మూడు పోగులుంటాయి. మనల్ని కుట్టదు, కరవదు. దాని కన్నంతా గంజి పెట్టిన నేతచీరల మీద, మైదా జిగురుతో బైండు చేయించుకున్న పాత చందమామల మీద. గంజి వదిలించాకే చీరలు దాచండి.

ఇక పట్టే ఉపాయం. ఖాళీ అయిన గాజు పచ్చడి సీసా కడిగి ఆరబెట్టి, బయట అంచుదాకా మాస్కింగ్ టేపు చుట్టండి. అడుగున బ్రెడ్డు ముక్క వేసి, పడుకునే ముందు బీరువా పక్కన పెట్టండి. గరుకు టేపు పట్టుకుని పైకెక్కి లోపలికి దిగుతుంది. నున్నటి గాజు మీద కాళ్లు నిలవక మళ్లీ పైకి రాలేదు. తెల్లారేసరికి మీసాలాడిస్తూ అడుగున ప్రదక్షిణలు చేస్తుంటుంది. సబ్బునీళ్లలో ఒంపేయడమే!

అన్నట్టు, జిగురు అట్టలూ పనిచేస్తాయి. కాకపోతే బల్లులు తిరిగే చోట పెట్టకండి. పురుగుల్ని తినిపెట్టే ప్రాణి అంటుకుపోతే పాపం కదా.

సీసా పెట్టేశాం, ఇక పీడ వదిలిందని మాత్రం అనుకోవద్దు. ఈ పురుగులు ఏళ్ల తరబడి బతుకుతాయి, తిండి లేకపోయినా నెలలు గడిపేస్తాయి. నన్నడిగితే సీసా చేసే అసలు మేలు ఆచూకీ చెప్పడం. మూలకొకటి పెట్టి చూడండి. ఎందులో ఎక్కువ పడితే ఆ పక్కనే చెమ్మ ఉందన్నమాట. బాత్రూం గోడ అవతలి వైపో, సింకు కింద కారే పైపో అయివుంటుంది. గాలిలో తేమ 75 శాతం దాటితే వీటికి పండగే. పైపు బాగుచేయించి, బీరువాని గోడకి జానెడు దూరం జరిపితే సగం పని అయినట్టే.

కలరా ఉండలంటారా? పసిపిల్లల బట్టల్లో మాత్రం వద్దే వద్దు. కొందరు పసివాళ్లకు వాటివల్ల రక్తకణాలు దెబ్బతిని కామెర్లొస్తాయి.

ఇక మంచం కిందున్న పాత పుస్తకాల అట్టపెట్టె సంగతి. పురుగుకి అది ఇల్లూ, భోజనమూ కూడా. ఎండ కాసిన పూట పుస్తకాలు దులిపి, మూత గట్టిగా పట్టే డబ్బాలోకి మార్చేయండి. శనగలు నానబోసే హడావుడి మొదలైతే మళ్లీ తీరదు!