మా అత్త అడిగిన ఆపిల్ పై

మా పక్క బేకరీల్లో దిల్‌పసంద్ అని ఒకటి దొరుకుతుంది. గుండ్రంగా, పైన పొరలు పొరలుగా, లోపల తీపి కొబ్బరి, టూటీ ఫ్రూటీ. బెంగుళూరు దగ్గర కాబట్టి అయ్యంగార్ బేకరీల నుంచి మా వైపుకీ వచ్చేసింది. త్రికోణం ముక్కలుగా కోసి కాగితంలో పెట్టి ఇస్తారు. ఆపిల్ పై అంటే ఏంటక్కా అని ఎవరైనా అడిగితే నేను దిల్‌పసంద్‌నే చూపిస్తాను. కింద ఒక రొట్టె, పైన ఒక రొట్టె, మధ్యలో కొబ్బరికి బదులు పండు. అంతే. మన కజ్జికాయకు దూరపు చుట్టం అనుకోండి, నూనెలో వేగకుండా నిప్పు సెగకు కాలుతుంది.

పేరు మాత్రం నాకు నవ్వు తెప్పిస్తుంది. తెలుగు బీఏ చదివినదాన్ని కదా, 'పై' అంటే నాకు మీద అనే అర్థమే ముందు తోస్తుంది. పై పై, కింద పై, మధ్యలో ఆపిల్.

ఇది అమెరికా వాళ్ల వంట అని నేనూ అనుకునేదాన్ని. కాదట. 1390 ప్రాంతంలో ఇంగ్లండు రాజుగారి వంటవాళ్లు రాసిపెట్టిన పుస్తకంలోనే ఉంది. అందులో ఆపిళ్లతో పాటు అత్తిపండ్లు, ఎండుద్రాక్ష, బేరిపండ్లు, కుంకుమపువ్వు కూడా వేశారు, చక్కెర ఊసు లేదు. అమెరికాకు ఈ వంట ఓడలెక్కి తరవాత పోయింది. ఆపిల్ చెట్టు పుట్టిల్లు అయితే ఇంగ్లండూ కాదు, అమెరికా అంతకన్నా కాదు, కజకిస్తాన్ కొండలు.

ఇదంతా ఎందుకు తెలుసుకోవాల్సి వచ్చిందంటే, పోయిన ఆషాఢంలో మా అత్త ఆపిల్ పై అడిగింది.

అత్తకు ఎనభై దాటినాయి. నేను ఈ ఇంటికి వచ్చి ఇరవై మూడేళ్లు. ఇన్నేళ్లలో "నాకు ఇది చేసి పెట్టు" అని ఆమె ఎవరినీ అడగడం నేను వినలేదు. చేసింది తింటుంది, నచ్చకపోతే మజ్జిగన్నం. పదిరోజుల జ్వరం తగ్గినా నోరంతా చేదని ఏదీ ముట్టకుండా ఉన్నప్పుడు, ఏం తినాలనిపిస్తోంది అత్తా అని అడిగితే, "ఆపిలు పై. పుల్లగా ఉండాల" అనింది. మాది పెద్దతిప్పసముద్రం. టమోటాలు, మామిడికాయలు, రాగులు తెలిసిన ఊరు. "అమ్మకు పై ఎట్లా తెలుసు?" అని మావారు నన్నే అడిగారు, నాకేదో తెలిసినట్టు.

రెండు రోజులు అడగ్గా అడగ్గా చెప్పింది. ఆరోగ్యవరంలో తినిందట.

మదనపల్లె పక్కనుండే ఆరోగ్యవరం మీలో చాలామందికి తెలిసే ఉంటుంది. క్షయ రోగుల కోసం మిషన్లన్నీ కలిసి 1910ల్లో కట్టిన శానిటోరియం. మొదటి పెద్ద డాక్టరు డెన్మార్క్ దేశస్థుడు, క్రిస్టియన్ ఫ్రిమోట్ మోలర్. మందులు లేని కాలంలో మంచి గాలి, పూర్తి విశ్రాంతి, పాలు, గుడ్లు, ఇవే వైద్యం. మదనపల్లె గాలి పొడిగా, చల్లగా ఉంటుందని దక్షిణాది అంతటి నుంచీ రోగులు వచ్చి నెలలు, ఏళ్లు ఉండేవాళ్లు. 1950లో బీసీజీ టీకా ఎంత పనిచేస్తుందో చూడడానికి ఆ చుట్టుపక్కల పల్లెల్లోనే పెద్ద పరీక్ష మొదలుపెట్టారు. మన పిల్లలకు పుట్టగానే భుజం మీద వేయించే టీకా వెనక మా మదనపల్లె పల్లెలు కూడా ఉన్నాయన్నమాట.

మా అత్తవాళ్లమ్మ అక్కడ దాదాపు రెండేళ్లు ఉండిందని మాకెవరికీ తెలీదు. మా మామ పోయి పదేళ్లయింది, ఆయనకూ తెలీదు. పెళ్లి మాటల్లో "వాళ్లమ్మ కొన్నాళ్లు బెంగుళూరులో చుట్టాలింట్లో ఉండింది" అని చెప్పారట. అప్పుడు ఎనిమిదేళ్ల పిల్లయిన మా అత్తను వాళ్ల నాయన నెలకొకసారి చూపించడానికి తీసుకుపోయేవాడు. పిల్లలను దగ్గరికి పోనిచ్చేవాళ్లు కాదు. అమ్మ వరండాలో, పిల్ల చెట్టుకింద. ఒక క్రిస్మస్ దగ్గర అక్కడి దొరసాని ఒకామె పిల్ల చేతిలో ప్లేటు పెట్టి, ఇది ఆపిల్ పై అని చెప్పిందట. "మాయమ్మ ఆడ్నుంచి చూస్తా ఉండింది. నేను తింటా ఉంటే నవ్వుతా ఉండింది. ఆయమ్మ నవ్వింది అదొకటే గుర్తు నాకు" అనింది.

ఆయమ్మ బతికే వచ్చింది. ఇంకా ఇరవై ఏళ్లు ఉండింది కూడా. కానీ ఇంట్లో ఆమెకు వేరే కంచం, వేరే లోటా, వేరే చాప. చివరిదాకా అంతే.

ఇక నేను పై చేయకుండా ఎట్లా ఉంటాను చెప్పండి.

బెంగుళూరులో చదువుతున్న మా అమ్మాయి సెలవులకు వచ్చేటప్పుడు ఉప్పు లేని వెన్న, దుకాణంలో పెద్ద ఎర్ర ఆపిళ్లు తెచ్చింది. ఈ ఎర్ర ఆపిల్ సంగతి కూడా సరదాగా ఉంటుంది. శామ్యూల్ స్టోక్స్ అని ఒక అమెరికా ఆయన 1904లో కుష్ఠురోగులకు సేవ చేయడానికి వచ్చి సిమ్లా కొండల్లో ఉండిపోయాడు. అక్కడి అమ్మాయినే పెళ్లి చేసుకున్నాడు, స్వాతంత్ర్య పోరాటంలో జైలుకు పోయాడు, తరవాత సత్యానంద అని పేరు మార్చుకున్నాడు. అమెరికా నుంచి రెడ్ డెలీషస్ మొక్కలు తెప్పించి కోట్‌గఢ్ దగ్గర నాటించింది ఆయనే. మనం సిమ్లా ఆపిల్ అని కొనేది చాలావరకు ఆ సంతతే.

తినడానికి బాగుంటుంది గానీ పైకి అది ఒప్పదు. పులుపు లేదు, కాల్చితే మెత్తబడి పిండిపిండిగా అయిపోతుంది. మొదటిసారి వీడియోలో చెప్పినట్టే కొలతలు తప్పకుండా చేశాం. అత్త ఒక ముక్క నోట్లో పెట్టుకుని, "బాగుండాది. అది కాదు" అనింది. మళ్లీ ముట్టలేదు.

పుల్లటి ఆపిల్ ఆ రోజుల్లో వాళ్లకు ఎక్కడిది? దీని గురించి నేను చాలా ఆలోచించాను. ఒకప్పుడు బెంగుళూరు చుట్టుపక్కల ఆపిల్ తోటలు ఉండేవి. రోమ్ బ్యూటీ అనే రకం. పులుపు తగులుతూ, కాల్చినా ముక్క చెదరకుండా నిలిచే ఆపిల్ అది. ఊరు పెరిగేకొద్దీ ఆ తోటలు పోయాయి. ఆరోగ్యవరం దొరసాని బుట్టలో ఉన్నవి ఆ ఆపిళ్లే అయి ఉంటాయని నా ఊహ. ఊహే, సాక్ష్యం లేదు.

రోమ్ బ్యూటీని ఎక్కడ తేను? మా పెరట్లో ఆఖరు కాపు తోతాపురి ఉంది. దోరకాయ తోతాపురి తెలుసు కదా, పులుపు ఉంటుంది, కరకరలాడుతుంది, ఉడికినా ముక్క నిలుస్తుంది. సంతలో కొత్తగా దిగిన చిన్న పుల్లటి సిమ్లా ఆపిళ్లు ముప్పావు కిలో, ఒక తోతాపురి. ఇదీ రెండోసారి లెక్క.

పిండి సంగతి చెప్తాను, ఇక్కడే కిటుకంతా. ఓళిగలకు పిండి ఎట్లా కలుపుతాం? నూనె పోసి, సాగేదాకా పిసికి పిసికి. పైకి సరిగ్గా దానికి తలకిందులు. మూడు వందల గ్రాముల మైదాలో చిటికెడు ఉప్పు, ఒక చెంచా చక్కెర వేసి, ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన రెండు వందల గ్రాముల వెన్న ముక్కలు వేసి వేళ్ల కొసలతో నలపాలి. అరచేయి తగలకూడదు, వేడికి వెన్న కరుగుతుంది. రవ్వలాగా అయి, అక్కడక్కడా శనగబద్దలంత వెన్న మిగిలి ఉండగానే ఆపేయాలి. ఐసు నీళ్లు ఆరేడు చెంచాలు చల్లి ముద్దకు దగ్గరచేయడమే, పిసకడం లేదు. పిసికితే మైదాలో జిగురు లేచి రొట్టె తోలులాగా సాగుతుంది. మిగిలిన ఆ వెన్న బిళ్లలే కాలేటప్పుడు కరిగి, వాటిలోని తడి ఆవిరై, పొరలు పొరలుగా విడదీస్తాయి. నెయ్యి వేస్తే ఆ పొరలు రావు, నెయ్యిలో తడి లేదు కాబట్టి. ఇంట్లో చిలికిన వెన్న వాడేవాళ్లు మజ్జిగ పోయేదాకా చల్లటి నీళ్లలో రెండు మూడుసార్లు కడిగి, పిండి, గట్టిపడనిచ్చి వాడుకోండి. మా ఊర్లో ఎండకు నేను తెల్లవారుజామున ఐదింటికి కలిపాను. ముద్దను గంటసేపు ఫ్రిజ్‌లో పెట్టి పడుకోబెట్టాలి, కరెంటు పోకుండా దేవుడికి దండం పెట్టుకోవాలి.

ఆపిల్, మామిడి చెక్కు తీసి పలచగా తరిగి, నూట ఇరవై గ్రాముల చక్కెర, దాల్చినచెక్క పొడి (మా పక్క పట్ట అంటాం), కొంచెం జాజికాయ, సగం నిమ్మకాయ రసం కలిపి అరగంట ఉంచితే నీరు ఊరుతుంది. ఆ నీటిని వంచి వేరే గిన్నెలో పాకంలాగా చిక్కబెట్టి మళ్లీ ముక్కల్లో పోసి, రెండు చెంచాల మైదా చల్లాలి. ఈ పని బద్దకించారంటే కింది రొట్టె నీరు కారిపోతుంది.

పిండిలో సగం కంటే కొంచెం ఎక్కువ తీసుకుని ఒత్తి, వెన్న రాసిన అల్యూమినియం పళ్లెంలో పరిచి, ముక్కలు నింపి, మిగతాది పైన కప్పి అంచులు కజ్జికాయ మడత మాదిరి మడిచాను. అమ్మాయి వీడియోలో అల్లిక చూపించింది గానీ నాకు చేతికొచ్చింది కజ్జికాయ మడతే. ఆవిరి పోయేందుకు పైన నాలుగు గాట్లు తప్పకుండా పెట్టాలి.

ఓవెన్ ఉన్నవాళ్లు మొదట రెండు వందల డిగ్రీల మీద ఇరవై నిమిషాలు, తరవాత నూట ఎనభైకి తగ్గించి ముప్పై ఐదు, నలభై నిమిషాలు కాల్చుకోండి. నాకు ఓవెన్ లేదు. మందపాటి ఇనుప బాణలిలో రెండు అంగుళాల ఇసుక పోసి, పదిహేను నిమిషాలు బాగా కాగనిచ్చి, స్టాండు మీద పళ్లెం పెట్టి మూత వేశాను. కింద సెగతో పైరొట్టెకు రంగు రాదు. దానికి ఉపాయం అత్తే చెప్పింది. "మూత మింద నిప్పులు పోయ్యే." చింతకట్టె నిప్పులు పెరట్లో పొయ్యిలోంచి తెచ్చి ఇనుప మూత మీద పోశాం. అమెరికాలో బండ్లు కట్టుకుని వలసపోయినవాళ్లు కూడా ఇట్లాగే ఇనుప గిన్నె మూత మీద నిప్పులు పోసి కాల్చుకునేవాళ్లని తరవాత చదివి అత్తకు చెప్తే, "వాళ్లకీ తెల్సా?" అనింది.

గంటా పావు పట్టింది. దించాక మూడు గంటలు కోయకుండా ఆగాలి, లేకపోతే లోపలి పండు గడ్డకట్టక జారిపోతుంది. ఆ మూడు గంటలూ వంటింట్లో వాసన చూస్తూ కూర్చోవడమే అన్నిటికంటే కష్టమైన పని.

అత్త చెంచా వద్దని చేత్తోనే తినింది. ఒక ముక్క పూర్తిచేసి వేళ్లు నాకి, "అది కాదు. దాని చెల్లెలు" అనింది. ఇంకో ముక్క అడిగింది.

అప్పుడు మా వీధిలో ఇంకొక కోడలి గురించి అడిగింది. ఆ అమ్మాయికి క్షయ అని తేలి మందులు మొదలుపెట్టి మూడో నెల. మందులన్నీ సర్కారు ఆసుపత్రిలో ఉచితమే, తిండికని నెలకు వెయ్యి రూపాయలు ఖాతాలో వేస్తున్నారు. ఆరోగ్యవరం కాలంలాగా ఏళ్లు పడకేసే పని లేదు, మామూలుగా ఆరు నెలలు మందులు మానకుండా మింగితే నయమవుతుంది. ఈ జబ్బు దగ్గినప్పుడు గాలిలోంచి అంటుతుంది గానీ కంచాల నుంచి కాదు. అది కూడా, మందులు పనిచేస్తుంటే చాలామందికి కొద్ది వారాల్లోనే ఇంకొకరికి అంటించే స్థితి పోతుంది. ఆశా కార్యకర్త ఇవన్నీ వాళ్లింట్లో చెప్పే వచ్చింది. అయినా ఆ అమ్మాయి కంచం బయట గూట్లోనే ఉంటుందని అందరికీ తెలుసు.

అత్త నా చేత పెద్ద ముక్క కోయించి, మా ఇంట్లో మేం రోజూ తినే స్టీలు ప్లేటులోనే పెట్టించింది. కర్ర పట్టుకుని తనే లేచింది. నేను వెంట పోయాను. వాళ్లింటి అరుగు మీద ఆ అమ్మాయి పక్కన కూర్చుని, "మాయమ్మకి కూడా ఇదే జబ్బు. బాగయి ఇరవై ఏండ్లు బతికింది. తిను" అనింది, లోపల ఉన్న అత్తగారికి వినబడేటట్టు. ఎప్పుడూ ఇంట్లో కూడా ఎత్తని మాట, వీధి అరుగు మీద.

మావారికి ఇది అంతగా నచ్చలేదు. "ఇప్పుడెందుకు ఇవన్నీ? రేపు పాపకు సంబంధాలు చూడాల్సి ఉంటుంది" అన్నారు. ఇక్కడ రాయొద్దని కూడా అన్నారు. ఆయన భయం నాకు అర్థం కాక కాదు. రాసిందంతా అత్తకు చదివి వినిపించాను. "దొరసానిని మంచిదని రాసినావా?" అని అడిగింది. రాశానన్నాను. "అయితే పెట్టు" అనింది.

మర్నాడు మా ప్లేటు తిరిగొచ్చింది. ఖాళీగా ఇవ్వకూడదని ఆ అమ్మాయి నాలుగు టమోటాలు వేసి పంపింది. అత్త వాటిని తీసి గంపలో మా టమోటాలతో కలిపేసి, ప్లేటు నా చేతికిచ్చి, పొయ్యి మీద పాలు పొంగుతున్నాయి చూడమనింది.