పదునాలుగు జట్ల పథికుడు

1
సెయింట్ పీటర్స్‌బర్గ్, ఫ్లారిడా

చిరంజీవి తమ్మునికి అన్నయ్య ఆశీర్వదించి వ్రాయునది.

సముద్రతీరమును వర్ణించుమని కోరితివి. కాని నన్ను ఈ ఊరికి రప్పించినది సముద్రము కాదు, ట్రాపికానా ఫీల్డ్ అను, గుమ్మటము ఒక వైపునకు వాలిన బేస్‌బాల్ మైదానము. క్రికెట్టు బంతి నేలపై పడి లేచునుగదా. ఇచ్చట పిచ్చరు మట్టిదిబ్బపై నిలిచి, 60 అడుగుల 6 అంగుళముల దూరమునుండి, నేలను తాకనీయక విసరవలెను. నాలుగు బంతులు గురితప్పెనా, బ్యాటు పట్టినవాడు శ్రమ లేకయే మొదటి బేసునకు నడచిపోవును. తొమ్మిది ఇన్నింగ్సులలో ప్రత్యర్థులకు ఒక్క హిట్టైనను దక్కనీయకుండుట మహామహులలో పెక్కురకు జీవితకాలమున లభింపని గౌరవము.

2010 జూన్ 25వ తేదీ రాత్రి ఆ గౌరవము ఇచ్చట ఎడ్విన్ జాక్సనునకు లభించెను. అమెరికా సైనికోద్యోగి కుమారుడైన ఇతడు 1983లో పశ్చిమ జర్మనీలోని నోయ్-ఉల్మ్‌లో జన్మించెను. సరిగా ఇరువదవ పుట్టినరోజున లాస్ ఏంజెలెస్ డాడ్జర్ల పక్షమున తొలిసారి దిగి, దిగ్గజమైన రాండీ జాన్సనునే ఓడించెను. అట్టివానిని డాడ్జర్లు టాంపా బేకును, టాంపా బే డెట్రాయిట్‌కును, డెట్రాయిట్ అరిజోనాకును ఇచ్చివేసిరి. ఆ రాత్రి అరిజోనా పక్షమున అతడు ఎదిరించినది తన్ను వదలుకొన్న టాంపా బే జట్టునే.

మొదటి మూడు ఇన్నింగ్సులలోనే ఏడుగురిని ఊరక నడిపించెను; మూడవదానిలో ఒక్కడైనను అవుటు కాకమునుపే మూడు బేసులును నిండెను. ఏ క్షణమున చేజారునో తెలియని ఆ స్థితినుండి, ఆడం లరోష్ కొట్టిన హోమ్‌రన్ ఒక్కటే తన జట్టునకు ఆధారము కాగా, ఒక్క పరుగైనను ఈయక, 1–0గా ముగించువరకు అతడు దిబ్బ దిగలేదు. నూరు బంతులకు పిచ్చరును మార్చుట నేటి ఆచారమై యుండగా, అతడు 149 విసరెను. దోషలేశము లేని విజయముకన్న, తన గురి తనకే లోబడని రాత్రి ఒక్కొక్క బంతితో దానిని వశపరచుకొనుచు సాధించిన ఈ విజయమే నాకు మిక్కిలి పూజ్యముగ తోచుచున్నది.

ఐదు వారములకే అరిజోనా అతనిని చికాగో వైట్ సాక్స్‌కు ఇచ్చివేసెను.

2
సెయింట్ లూయిస్, మిస్సూరి

తమ్ముడూ, ఆటగాని అనుమతి లేకయే అతని ఒప్పందమును క్లబ్బులు ఎట్లు చేతులు మార్చునని అడిగితివి. ఆ ప్రశ్నను న్యాయస్థానము నెదుట నిలిపినవాడు ఈ ఊరి కార్డినల్స్ జట్టువాడే. 1969లో తన్ను ఫిలడెల్ఫియాకు మార్చగా కర్ట్ ఫ్లడ్ పోనని నిరాకరించి, సుప్రీంకోర్టు వరకు పోరాడి, 1972లో ఓడిపోయెను. ఆ పోరాటమునకు తన క్రీడాజీవితమునే మూల్యముగ చెల్లించెను. మరుసటి యేడు ఒక నియమము వచ్చెను: పదేండ్లు ఆడి, అందు చివరి ఐదేండ్లు ఒకే జట్టులో ఉన్నవాడు బదిలీని నిరాకరింపవచ్చును.

జాక్సనునకు పదేండ్లు నిండినవి గాని, ఏ జట్టును ఐదేండ్లు నిలుపుకొనలేదు. నిలుకడ గలవానికే రక్షణ నిచ్చి, దాని అవసరము మిక్కిలిగా నున్న సంచారిని వెలుపల నుంచిన ఆ నియమము నాకు అన్యాయముగనే తోచును. 2011 జూలై 27న చికాగో అతనిని టొరంటోకు ఇచ్చెను. టొరంటో ఆ దినముననే సెయింట్ లూయిస్‌కు ఇచ్చెను. ఆ యేటి అక్టోబరులో ఈ జట్టు వరల్డ్ సిరీస్ గెలిచినప్పుడు అతడును అందు భాగస్వామి. మరుసటి యేటికి వాషింగ్టనులో నుండెను.

3
శాన్ ఫ్రాన్సిస్కో, కాలిఫోర్నియా

పొగమంచు వీడిన పిమ్మట అఖాతపుటొడ్డున నున్న మైదానము చూచి వచ్చితిని. 2019 మే 15న జాక్సన్ తన పదునాలుగవ జట్టు దుస్తులతో దిగినది ఇచ్చటనే. పదమూడు జట్లతో ఆక్టేవియో డోటెల్ నెలకొల్పిన రికార్డును ఆనాడు అతడు దాటెను. 2011లో ఒక్క దినమైనను తన్నుంచుకొనని టొరంటో జట్టే, ఎనిమిదేండ్లకు ఓక్లండునకు ధనమిచ్చి మరల తెచ్చుకొన్నది!

అతడు పేదవాడని తలపకుము. చికాగో కబ్స్ నాలుగేండ్లకు 5 కోట్ల 20 లక్షల డాలర్లకు ఒప్పందము చేసికొన్నది. మొదటి యేడే అతడు 18 ఆటలు ఓడెను, ఒప్పందము ముగియకమునుపే విడిచివేసిరి. ఆ పిదప అట్లాంటా, మయామి, శాన్ డియేగో, బాల్టిమోర్, మరల వాషింగ్టన్. ధనము చాలినవాడు అంతటితో ఇంట కూర్చుండవచ్చును. అతడు 2018లో క్రిందిస్థాయి జట్లనుండి మరల పైకి వచ్చి, ఓక్లండు పక్షమున 6 గెలిచి 3 మాత్రమే ఓడెను. ఆ జట్టున అతడు తొలిసారి దిగిన దినము జూన్ 25. సెయింట్ పీటర్స్‌బర్గ్ రాత్రికి సరిగా ఎనిమిదేండ్లు.

మొత్తము 107 గెలుపులు, 133 ఓటములు. ఈ రెండవ సంఖ్యను చూపి అతనిని సామాన్యుడనువారు కలరు, నేను ఒప్పుకొనను. అన్ని ఆటలు ఓడువరకు బంతి చేతికిచ్చిరనగా, పదునాలుగు జట్లలో ఎవరో ఒకరు అతని చేతిని నమ్మిరనియే గదా! 2021లో టోక్యో ఒలింపిక్సులో స్వదేశపు జట్టుతో రజతపతకము గెలిచి, 2022లో ఆటనుండి విరమించెను.

రేపు ఉదయము ఓక్లండునకు పోవుచున్నాను. అమ్మకును నాన్నగారికిని నా నమస్కారములు తెలుపుము. నీ బౌలింగు సాధన యెట్లున్నదో తప్పక వ్రాయుము.

ఇట్లు,
నీ అన్నయ్య